స్వతంత్ర చలనచిత్రమును గూర్చి మా ప్రణాళిక

చలనచిత్రము కాలక్షేపమునకే పుట్టినదను మాట ఎంతగా వ్యాపించియున్నను, ఒక ప్రాంతపు ప్రజల కష్టమును, పలుకుబడిని, మౌనమును సైతము భావితరములకు అప్పగింపగల శక్తి దానికి కలదని దర్శకులు బి. నర్సింగరావు గారు తమ కృతులచే నిరూపించిరి. ఆ కృతులు ప్రేక్షకులమైన మాపై కొన్ని బాధ్యతలను మోపుచున్నవని విశ్వసించి, మేము ఈ ప్రణాళికను ప్రకటించుచున్నాము.

ప్రథమ సూత్రము: దర్శకుని స్వాతంత్ర్యమునకు అతడెరిగిన నేలయే ఆధారము. ప్రజ్ఞాపూరులో జన్మించిన నర్సింగరావు గారు, 1979లో గౌతమ్ ఘోష్ దర్శకత్వమున రూపొందిన 'మా భూమి'కి నిర్మాతలలో ఒకరై తెలంగాణ రైతాంగ పోరాటమును తెరపై నిలిపి, పిదప దర్శకులై, 'రంగుల కల'లో తామే చిత్రకారుని పాత్ర ధరించి, 'మట్టి మనుషులు'లో పొట్టకూటికై పల్లె విడిచి హైదరాబాదు చేరిన కూలీల బ్రతుకును చూపిరి. కథ మారినను ఆ నేలను మాత్రము ఆయన విడువలేదు.

ద్వితీయ సూత్రము: దుఃఖమును అలంకరింపరాదు. 1988 నాటి 'దాసి'లో దొరసాని వెంట అరణముగా గడీకి, అనగా దొర కోటకు, వచ్చిన ఆడబాప (దాసి) కమలాక్షి, పగలెల్ల చాకిరి చేసి, రాత్రి దొర పిలుపునకు లోబడి, తుదకు కడుపున పడిన బిడ్డను సైతము గడీ ఆజ్ఞచే కోల్పోవును. ఇంతటి ఘోరమును చెప్పుటకు ఆయన పాటలను ఆశ్రయింపలేదు. సంభాషణలను మితము చేసి, ఆమె చాకిరినే మాటాడనిచ్చిరి.

తృతీయ సూత్రము: చిత్రము సమష్టి శిల్పము. అర్చన అభినయమునకు, ఎ.కె. బీర్ ఛాయాగ్రహణమునకు, తోట వైకుంఠము కళాదర్శకత్వమునకు, సుదర్శన్ వస్త్రాలంకరణకు 'దాసి' జాతీయ పురస్కారములను తెచ్చినది. దర్శకుని కీర్తించునపుడు ఈ సహశిల్పులను విస్మరించుట అన్యాయమని మా నిశ్చయము.

చతుర్థ సూత్రము: ప్రేక్షకుడును పోషకుడే. పెట్టుబడిదారుని ఒత్తిడికి లొంగని దర్శకుడు అప్పులపాలై మౌనము వహించినచో, ఆ దోషములో చూడక విడిచిన మనకును భాగము కలదు. కావున మేము ఇట్టి చిత్రములను తరచుగా ప్రదర్శింతుము. రుసుము చెల్లించియే చూతుము. ప్రదర్శనానంతరము నిర్భయముగా చర్చింతుము. గుణమును గుణముగా, లోపమును లోపముగా చెప్పుదుము.

పంచమ సూత్రము: ఫిల్ము కాలక్రమమున శిథిలమగు పదార్థము గనుక, స్వతంత్ర చిత్రముల మూలప్రతులను భద్రపరచుట గ్రంథాలయములను కాపాడుటతో సమానమైన ప్రజాకార్యమని భావించి, అందుకై ప్రభుత్వమును, విద్యాసంస్థలను నిరంతరము కోరుచుందుము.

తెలుగు సోదరీ సోదరులారా! మంచి చిత్రము రాదని వగచుటకు ముందు, వచ్చిన మంచి చిత్రమునకు మనమెందరము పోయితిమో యోచింపుడు. మీ ఊరికి ఇట్టి చిత్రము వచ్చిననాడు టిక్కెట్టు కొని రండు, తుదివరకు కూర్చుండుడు, మరియొకరిని వెంట తోడ్కొని రండు.