అప్పు ముప్పై లక్షలు.. కట్టేది అరవై రెండు!

ఇల్లు కట్టి చూడు, పెళ్లి చేసి చూడు అన్నారు పెద్దలు. పెళ్లి సంగతేమోగానీ, ఇల్లు కొనడం మాత్రం ఈ రోజుల్లో చాలా సులువనిపిస్తుంది. ఫ్లాటు చూపించే చోటే బ్యాంకు ప్రతినిధీ కూర్చుని ఉంటాడు. జీతం స్లిప్పులు, బ్యాంకు స్టేట్‌మెంట్లు ఇస్తే చాలు, కొద్దిరోజుల్లోనే రుణం మంజూరైపోతుంది. 'నెలకు ఎంత కట్టగలరు?' అన్నదే అక్కడ ఎక్కువగా వినిపించే ప్రశ్న. మనమూ అదే లెక్క వేసుకుంటాం. ఇప్పుడిస్తున్న అద్దె పన్నెండు వేలు, ఇంకో పద్నాలుగు వేలు సర్దుకుంటే సొంతిల్లు వచ్చేస్తుంది కదా అని.

కానీ అడగాల్సిన ప్రశ్న ఇంకొకటి ఉంది. 'మొత్తం ఎంత కడతాం?' చీర కొనాలన్నా, ఫ్రిజ్ కొనాలన్నా నాలుగు షాపులు తిరిగి ధర కనుక్కునే మనం, జీవితంలో కొనే అత్యంత ఖరీదైన వస్తువు దగ్గర మాత్రం నెలసరి వాయిదాతోనే ఆగిపోతాం. ఆ ఒక్క ప్రశ్న అడగకపోవడం ఖరీదు ఒక్కోసారి పిల్లల చదువంత ఉంటుంది.

డెబ్బై పైసల వడ్డీయే కదా!

మన ఊళ్లలో వడ్డీని శాతాల్లో చెప్పుకోరు. నూటికి నెలకు ఎంత అన్నదే లెక్క. రూపాయి వడ్డీ అంటే ఏడాదికి 12 శాతం. రెండు రూపాయలంటే 24 శాతం. ఉమ్మడి రాష్ట్రంలో స్వయం సహాయక బృందాల మహిళలకు 'పావలా వడ్డీ' పథకం ఉండేది, గుర్తుందా? అది ఏడాదికి 3 శాతం. ఈ కొలతలో చూస్తే 8.5 శాతం గృహరుణం అంటే నూటికి నెలకు దాదాపు 70 పైసలు. రూపాయి కూడా కాదు. మామూలు కుటుంబానికి దొరికే అప్పుల్లో ఇంతకంటే చౌకైనవి తక్కువే.

మరి ఇంత చౌక అప్పు రెట్టింపు ఎలా అవుతుంది? జవాబు వడ్డీ రేటులో కన్నా గడువులో ఎక్కువ ఉంది. రూ.30 లక్షల రుణాన్ని 8.5 శాతానికి తీసుకున్నామనుకుందాం. గడువును బట్టి లెక్క ఇలా మారుతుంది.

15 ఏళ్లయితే: నెలకు రూ.29,542. మొత్తం వడ్డీ రూ.23.18 లక్షలు.
20 ఏళ్లయితే: నెలకు రూ.26,035. మొత్తం వడ్డీ రూ.32.48 లక్షలు.
30 ఏళ్లయితే: నెలకు రూ.23,067. మొత్తం వడ్డీ రూ.53.04 లక్షలు.

ఇరవై ఏళ్లను ముప్పైకి పెంచితే వాయిదా మూడు వేల లోపే తగ్గుతుంది. ఆ కాస్త వెసులుబాటుకి మనం అదనంగా ఇచ్చేది ఇరవై లక్షల పైమాటే! అదే పదిహేనేళ్లకు తగ్గించుకోగలిగితే నెలకు మూడున్నర వేలు ఎక్కువ పడినా, వడ్డీలో తొమ్మిది లక్షలకు పైగా మిగులుతుంది. 'వాయిదా తక్కువ' అని మురిసిపోయేముందు ఈ మూడు వరుసలూ పక్కపక్కన పెట్టి చూసుకోవాలి.

పదేళ్లు కట్టినా...

గృహరుణంలో చాలామందిని నిరాశపరిచే రోజు ఒకటుంటుంది. ఐదారేళ్లు క్రమం తప్పకుండా కట్టాక, ఇంకా ఎంత ఉందో చూద్దామని స్టేట్‌మెంటు తీసుకున్న రోజు. 'ఇన్ని లక్షలు కట్టాం, అసలు తగ్గలేదేమిటి?' అన్న అనుమానం వస్తుంది. ఇందులో మోసమేమీ లేదు. ప్రతినెలా ఆ నెలకు మిగిలి ఉన్న అసలు మీద వడ్డీ లెక్కగట్టి ముందు దాన్ని మినహాయించుకుంటారు. మిగిలింది అసలుకు జమ చేస్తారు. మొదట్లో అసలు ఎక్కువ కాబట్టి వడ్డీ కూడా ఎక్కువే.

పై ఉదాహరణలోని ఇరవై ఏళ్ల రుణమే చూడండి. మొదటి నెల కట్టే రూ.26,035లో వడ్డీకే రూ.21,250 పోతుంది. అసలుకు జమయ్యేది రూ.4,785. మొదటి ఏడాది మొత్తం మీద మూడు లక్షల పన్నెండు వేలు కడితే అసలులో తగ్గేది అరవై వేల లోపే. పదేళ్లు గడిచేసరికి చెల్లించింది రూ.31 లక్షలు దాటుతుంది. అంటే తీసుకున్న దానికంటే ఎక్కువే. అయినా ఇంకా దాదాపు రూ.21 లక్షలు బాకీ ఉంటుంది. అసలు సగానికి రావడానికి పదమూడేళ్ల పది నెలలు పడుతుంది.

నలభై ఏళ్ల వయసులో రుణం తీసుకున్న ఉద్యోగికి యాభై నాలుగు దగ్గరపడే సమయమది. పిల్లల ఇంజినీరింగో, పెళ్లో ఎదురుగా ఉంటుంది. సగం అప్పు కూడా ఉంటుంది. ఇంటి రుణం నిజంగా బరువనిపించేది అప్పుడే.

వాయిదా పెరగలేదు.. గడువు పెరిగింది

గృహరుణాల్లో చాలావరకు ఫ్లోటింగ్ రేటువే. 2019 అక్టోబరు నుంచి బ్యాంకులిచ్చే కొత్త ఫ్లోటింగ్ రుణాలు రెపో రేటులాంటి బయటి ప్రమాణానికి ముడిపడి ఉంటున్నాయి. అది పెరిగితే మన వడ్డీ పెరుగుతుంది, తగ్గితే తగ్గుతుంది. 2022 మే నుంచి 2023 ఫిబ్రవరి మధ్య రిజర్వు బ్యాంకు రెపో రేటును 4 శాతం నుంచి 6.5 శాతానికి తీసుకెళ్లింది. అప్పుడు ఎంతోమంది రుణగ్రహీతల వాయిదా రూపాయి కూడా పెరగలేదు. 'హమ్మయ్య' అనుకున్నారు. పెరిగింది గడువు. యాభై ఎనిమిదో ఏట తీరాల్సిన అప్పు అరవై అయిదుకు జరిగిన సంగతి కొందరికి చాలా ఆలస్యంగా తెలిసింది.

ఇంకో చిక్కు కూడా ఉంది. 6.5 శాతానికి ఇరవై ఏళ్ల గడువుతో తీసుకున్న రూ.30 లక్షల రుణానికి వాయిదా రూ.22,367. అంత బాకీ మీద రేటు 9 శాతమైతే ఒక్క నెల వడ్డీయే రూ.22,500. అంటే వాయిదా మొత్తం కట్టినా వడ్డీ కూడా పూర్తిగా తీరదు. అసలు తగ్గకపోగా పెరుగుతుంది!

ఈ పరిస్థితి చూసే 2023 ఆగస్టులో రిజర్వు బ్యాంకు కొన్ని ఆదేశాలిచ్చింది. రేటు మారినప్పుడు వాయిదా పెంచుకోవాలా, గడువు పెంచుకోవాలా, రెండూ కొంత కొంత పెంచుకోవాలా అన్నది రుణగ్రహీతే ఎంచుకోవచ్చు. గడువు పెంచినా అసలు పెరిగేలా ఉండకూడదు. ఇప్పటిదాకా కట్టిన అసలెంత, వడ్డీ ఎంత, ఇంకా ఎన్ని వాయిదాలున్నాయి అన్న వివరాలతో మూడు నెలలకోసారి స్టేట్‌మెంటు అందుబాటులో ఉంచాలి. అడిగేవాళ్లు తక్కువ గానీ హక్కు మాత్రం ఉంది.

2019 కంటే ముందు బ్యాంకులో తీసుకున్నవాళ్లు మరో విషయం చూసుకోవాలి. మీ రుణం ఇంకా పాత బేస్ రేటు, ఎంసీఎల్ఆర్ పద్ధతుల్లోనే ఉందేమో కనుక్కోండి. మారితే ఎంత కలిసొస్తుందో, ఫీజు ఎంతో రాతపూర్వకంగా అడగండి. అర శాతమే కదా అనుకోవద్దు. 9 శాతానికీ 8.5 శాతానికీ మధ్య తేడా, మన ఉదాహరణలో ఇరవై ఏళ్లకు రూ.2.3 లక్షలు.

ధరలో కనిపించని ఖర్చులు

రుణం ఇల్లంతటికీ రాదు. రూ.30 లక్షల వరకు రుణమైతే ఆస్తి విలువలో 90 శాతం, 30 నుంచి 75 లక్షల మధ్య అయితే 80 శాతం, ఆపైన 75 శాతం.. ఇదీ రిజర్వు బ్యాంకు గీసిన గీత. స్టాంపు డ్యూటీ, రిజిస్ట్రేషన్ ఖర్చుల్ని మామూలుగా ఆ విలువలో కలపరు. కట్టడంలో ఉన్న ఫ్లాటుకైతే 2019 ఏప్రిల్‌లో వచ్చిన మార్పు ప్రకారం 5 శాతం జీఎస్టీ. అందుబాటు ధరల ఇళ్ల కోవలోకి వస్తే 1 శాతం. ఇవన్నీ చేతి డబ్బులే. వీటికోసం పర్సనల్ లోనో, బంగారం మీద అప్పో చేస్తే, చౌక అప్పు పక్కన ఖరీదైన అప్పు వచ్చి కూర్చున్నట్టే.

రుణంతోపాటు అంటగట్టే బీమా సంగతీ చూడండి. ఇంటి పెద్దకు ఏమైనా అయితే కుటుంబం వీధిన పడకూడదు కాబట్టి బీమా తప్పనిసరిగా ఉండాలి. కానీ బ్యాంకు చూపించిన పాలసీయే తీసుకోవాలన్న నిబంధనేం లేదు. లక్ష రూపాయల ప్రీమియాన్ని రుణంలోనే కలిపేస్తే, ఇరవై ఏళ్లలో దానికి కట్టేది రూ.2.08 లక్షలు. విడిగా టర్మ్ పాలసీ ధర ఎంతో కనుక్కుని పోల్చుకోండి.

కట్టడం పూర్తికాని ఫ్లాటుకు మరో ఖర్చుంది. బ్యాంకు బిల్డరుకు రూ.20 లక్షలు విడుదల చేశాక, పూర్తి వాయిదాలు మొదలయ్యేదాకా వడ్డీ మాత్రమే కట్టే పద్ధతి ఎంచుకుంటే నెలకు రూ.14,167. తాళాలు చేతికి రావడం రెండేళ్లు ఆలస్యమైతే మూడు లక్షల నలభై వేలు. అసలులో పైసా తగ్గదు. పైగా అద్దె ఎలాగూ కడుతూనే ఉండాలి.

'పన్ను ఆదా అవుతుందిగా' అంటారా? పాత పన్ను విధానంలో ఉంటే, సొంతంగా నివసించే ఇంటి మీద ఏడాదికి రూ.2 లక్షల దాకా వడ్డీకి మినహాయింపు ఉంది. 20 శాతం శ్లాబులో ఉన్నవాళ్లకు మిగిలేది సుమారు నలభై వేలు. 2023-24 నుంచి ప్రత్యేకంగా కోరుకోకపోతే వర్తించే కొత్త విధానంలో, సొంతానికి వాడుకునే ఇంటికి ఆ మినహాయింపు లేదు. కాబట్టి పన్ను కోసం అప్పును సాగదీయడం తెలివైన పని కాదు.

మరేం చేయాలి?

అప్పు చేయొద్దని కాదు. జీతం డబ్బులు కూడబెట్టి ఇల్లు కొనేసరికి ఇంటి ధర ఎక్కడుంటుందో ఎవరూ చెప్పలేరు. అద్దె మిగులుతుంది. ఇవాళ బరువనిపించే ఇరవై ఆరు వేలు, జీతాలు పెరిగాక పదేళ్లకు తేలికవుతుంది కూడా. ఆ తేలికను వాడుకోవడంలోనే కిటుకంతా ఉంది.

జీతం పెరిగినప్పుడల్లా వాయిదాను ఏటా 5 శాతం పెంచుకుంటూ వెళ్తే మన ఉదాహరణలోని ఇరవై ఏళ్ల అప్పు పన్నెండేళ్ల పైచిలుకులో తీరిపోతుంది. వడ్డీలో మిగిలేది సుమారు రూ.11.7 లక్షలు. అంత కుదరదంటారా? బోనసో, డీఏ బకాయిలో వచ్చినప్పుడు ఏడాదికి ఒక్క వాయిదా అదనంగా కట్టండి. మూడేళ్లకు పైగా ముందే బయటపడతారు. ఆరు లక్షల రూపాయలు మిగులుతాయి.

అదనంగా కట్టేదేదో మొదట్లోనే కట్టడం మేలు. మొదటి ఏడాది చివర లక్ష రూపాయలు జమ చేస్తే చివర్లో 18 వాయిదాలు తగ్గుతాయి. అదే లక్ష పదిహేనో ఏడాది చివర కడితే తగ్గేవి ఆరు కూడా ఉండవు. వ్యక్తులు తీసుకున్న ఫ్లోటింగ్ గృహరుణాన్ని ముందే తీర్చినా బ్యాంకులు జరిమానా వేయకూడదని 2012 జూన్‌లోనే రిజర్వు బ్యాంకు చెప్పింది. కాకపోతే డబ్బు జమ చేసేటప్పుడు 'వాయిదా తగ్గించొద్దు, గడువు తగ్గించండి' అని రాసివ్వడం మరవద్దు. వడ్డీ రేట్లు తగ్గినప్పుడూ ఇదే సూత్రం. 2025 ఫిబ్రవరి నుంచి జూన్ లోపు రెపో రేటు ఒక శాతం తగ్గినప్పుడు పాత వాయిదానే కొనసాగించినవాళ్లకు గడువు తగ్గింది.

అయితే ఉన్నదంతా ఊడ్చి అప్పుకు కట్టేయకండి. ఆరు నెలల ఇంటి ఖర్చు చేతిలో ఉంచుకోవాలి. క్రెడిట్ కార్డు బాకీ, పర్సనల్ లోన్ ఉంటే ముందు వాటిని తీర్చాలి. డెబ్బై పైసల అప్పు కంటే మూడు రూపాయల అప్పే ముందు కదా పోవాల్సింది.

కొత్తగా తీసుకునేవాళ్లకు ఒక మంచి సదుపాయం ఉంది. 2024 అక్టోబరు నుంచి రుణం ఇచ్చే ముందు అన్ని ముఖ్య వివరాలతో ఒక పత్రం ఇవ్వాల్సిందే. ఫీజులన్నీ కలిపితే పడే అసలైన వార్షిక రేటు, ఏ వాయిదాలో అసలెంత, వడ్డీ ఎంత అన్న పట్టిక అందులో ఉంటాయి. రుణగ్రహీతకు అర్థమయ్యే భాషలో ఇవ్వాలన్నది నిబంధన. కాబట్టి తెలుగులో అడగండి. ఇంట్లో అందరూ కూర్చుని చదివాకే సంతకం పెట్టండి.

ఇప్పటికే కడుతున్నవాళ్లు ఈ ఆదివారం ఓ అరగంట కేటాయించండి. తాజా స్టేట్‌మెంటు తీసి మూడు అంకెలు కాగితం మీద రాసుకోండి. మిగిలిన అసలు, ప్రస్తుత వడ్డీ రేటు, ఇంకా కట్టాల్సిన వాయిదాలు. చివరి వాయిదా కట్టే నాటికి మీ వయసెంతో పక్కనే రాయండి. ఆ వయసు ఉద్యోగ విరమణ దాటిపోతుంటే, సోమవారం ఉదయం బ్యాంకుకు వెళ్లాల్సిన పని మీకుంది.