భూమికి ప్రైమరీ కీ ఏది?

హైదరాబాద్ చుట్టుపక్కల స్థలం కొనాలనుకునే మన మిత్రులు తరచూ అడిగే ప్రశ్న ఒకటుంది. "సర్వే నంబరు ఆన్‌లైన్లో కొట్టి చూశాను, అమ్మేవాడి పేరే ఉంది. ఇల్లు కట్టుకోవడానికి పర్మిషన్ కూడా వచ్చిందట. కొనెయ్యొచ్చా?" రోజూ డేటాబేసులతో కుస్తీ పట్టేవాణ్ణి కాబట్టి నేను ఎదురు ప్రశ్న వేస్తాను: ఏ డేటాబేసులో చూశారు?

చిక్కంతా అక్కడే ఉంది. ఒకే స్థలం గురించి నాలుగు శాఖల దగ్గర నాలుగు ముక్కలుంటాయి. పట్టాదారు ఎవరో రెవెన్యూ వారు చెబుతారు. ఏ జోన్లో ఉందో మాస్టర్ ప్లాన్ చెబుతుంది. చెరువు నిండితే నీళ్ళు ఎక్కడిదాకా వస్తాయో నీటిపారుదల శాఖ లెక్క. ఇక 1908 నాటి రిజిస్ట్రేషన్ చట్టం నమోదు చేసేది దస్తావేజునే గాని, అమ్మేవాడే అసలు యజమాని అని హామీ ఇవ్వదు. ఈ నాలుగు టేబుళ్ళనీ కలిపే జాయిన్ మాత్రం కొనేవాడే రాసుకోవాలి!

ఉదాహరణకి తెలంగాణలో "నాలా" కన్వర్షన్ చూడండి. 2006 నాటి చట్టం కింద రుసుము కడితే రెవెన్యూ లెక్కల్లో సాగుభూమి వ్యవసాయేతర భూమి అవుతుంది. అంతమాత్రాన మాస్టర్ ప్లాన్లో జోన్ మారదు, దానికి వేరే అనుమతి కావాలి. "కన్వర్షన్ అయిపోయిందండీ" అని బ్రోకరు చెప్పేది సగం నిజమే. మనకి ఇంకో మెలిక కూడా ఉంది. ఫెమా నిబంధనల ప్రకారం ప్రవాస భారతీయులూ, ఓసీఐ కార్డుదారులూ వ్యవసాయ భూమి గాని, ఫామ్‌హౌస్ గాని కొనకూడదు. వారసత్వంగా వస్తే పరవాలేదు. గుంటల లెక్కన అమ్మే "ఫామ్ ప్లాట్ల" ప్రకటనల్లో ఈ ముక్క కనిపించదు.

చెరువుల సంగతి మరీ ఘోరం. 2012 భవన నిబంధనల ప్రకారం పది హెక్టార్లు, అంతకు పైబడిన చెరువైతే ఎఫ్‌టీఎల్ గీత నుంచి 30 మీటర్లు, అంతకన్నా చిన్నదైతే 9 మీటర్లు వదలాలి. గీత ఎక్కడుందన్నదే తగాదా. 2024 జులైలో హైడ్రా ఏర్పడి కూల్చివేతలు మొదలుపెట్టాక, అనుమతి కాగితాలు చేతపట్టుకున్నవాళ్ళు కూడా కోర్టు మెట్లెక్కారు. అమీన్‌పూర్‌లో ఆదివారం పూట కూల్చినందుకు ఆ సెప్టెంబరు 30న హైకోర్టు అధికారులను గట్టిగా నిలదీసింది.

చెరువులు కాపాడవద్దని నేననను. నా వాదన ఒక్కటే. అనుమతి ఇచ్చే సాఫ్ట్‌వేరు ఆ నాలుగు టేబుళ్ళనీ ముందే సరిచూడాలి. 2020లో వచ్చిన టీఎస్-బీపాస్ చిన్న ఇళ్ళకి యజమాని స్వీయ ధృవీకరణ మీదే అనుమతినిచ్చింది. వేగం మంచిదే. కాని యూజరు టైపు చేసిందల్లా నమ్మేసి, తర్వాత తప్పు దొరికితే యూజరునే శిక్షించే సిస్టంని మన ఆఫీసుల్లో కోడ్ రివ్యూ దాటనిస్తామా?

అదే ఏడాది అక్టోబరులో మొదలైన ధరణిదీ ఇదే కథ. రికార్డులు తెర మీదకొచ్చాయి గాని, తప్పు పడితే అప్పీలు చేసుకోవడానికి రెవెన్యూలో చోటు లేకపోయింది, చాలామంది సివిల్ కోర్టుకి పోవలసి వచ్చింది. 2025 నాటి భూభారతి చట్టం అప్పీలు దారి మళ్ళీ తెరిచింది. సంతోషం. కాని అది తప్పు జరిగాక పట్టే దారి.

ఇంగ్లండులో రిజిస్టరులో తప్పు వల్ల ఎవరైనా నష్టపోతే ల్యాండ్ రిజిస్ట్రీయే పరిహారం ఇస్తుంది. మన దగ్గర తప్పు శాఖది, నష్టం కొన్నవాడిది. రాసినవాడి మీద బాధ్యత పడనంతకాలం ఏ పోర్టల్ పేరు మార్చినా ఒరిగేదేమీ లేదు. అందాకా అమ్మానాన్నల రిటైర్మెంటు డబ్బు పోసేముందు నాలుగు ఆఫీసుల కాగితాలూ ఒక మంచి లాయరు చేత చూపించండి. తెర మీద కనబడే పేరు, క్వెరీకి వచ్చిన జవాబు మాత్రమే.