మన ఆడపిల్లలకూ గ్రౌండు విడిచిపెట్టండి: మిట్టేమరి హోబ్లీ ప్రజలకు విజ్ఞప్తి



అడగదలచుకున్నది ముందే చెప్పేస్తాను. ఆరో తరగతి దాటిన ఆడపిల్లలకు వారానికి మూడు సాయంత్రాలు, గంటన్నర చొప్పున, స్కూలు గ్రౌండు విడిచిపెట్టండి. ఆ గంటన్నర వాళ్ళను ఫుట్‌బాల్ ఆడుకోనివ్వండి. ఎస్‌ఎస్‌ఎల్‌సీ అయ్యేదాకా వాళ్ళ ఆట మాన్పించకండి.

ఆటతో ఆడపిల్లకు ఏమొస్తుందని అడిగేవాళ్ళు ఉన్నారు. న్యాయమైన ప్రశ్నే. పక్కనే తమిళనాడులో కడలూరు అమ్మాయి ఇందుమతి కదిరేశన్ ఉంది. జట్టులో ఆమెది నడిమధ్యన ఆడే మిడ్‌ఫీల్డర్ స్థానం. 2018-19లో ఇండియన్ విమెన్స్ లీగ్ గెలిచిన సేతు ఎఫ్‌సీ జట్టులో ఆడింది, భారత జట్టుకు ఆడింది. ఆడుతూనే పోలీసు శాఖలో ఎస్సై అయింది. 2020 లాక్‌డౌన్‌లో చెన్నై వీధుల్లో డ్యూటీ చేసింది. 2023-24కు దేశంలో ఉత్తమ క్రీడాకారిణిగా అఖిల భారత ఫుట్‌బాల్ సమాఖ్య ఆమెనే ఎంచుకుంది. ఆ మరుసటి ఏడు అదే అవార్డు నిజామాబాద్ ప్రాంతపు తండా బిడ్డ గుగులోత్ సౌమ్యకు వచ్చింది. మొదట పరుగు పందేల పిల్ల ఆమె. కోచ్ కంటబడి ఫుట్‌బాల్‌లోకి వచ్చింది, 2022లో క్రొయేషియా వెళ్ళి డైనమో జాగ్రెబ్ క్లబ్బులో చేరింది, 2024-25లో ఈస్ట్ బెంగాల్‌తో లీగ్ గెలిచింది. తండాలో పుట్టిన పిల్ల అంత దూరం పోయినప్పుడు, మన పిల్లలకు దారి లేదని ఎట్లా అంటాం?

డబ్బు సంగతీ దాచకుండా మాట్లాడుకుందాం. విమెన్స్ లీగ్‌లో ఆడే ప్రతి క్లబ్బూ కనీసం పదిమంది భారతీయ క్రీడాకారిణులకు ఏడాదికి 3.2 లక్షల రూపాయలకు తగ్గకుండా కాంట్రాక్టు ఇవ్వాలని సమాఖ్య 2023లో ప్రకటించింది. మగవాళ్ళ జీతాల పక్కన అది చాలా తక్కువ, అన్యాయంగా తక్కువ. అయినా అది సొంత కాళ్ళ మీద నిలబడే సంపాదన. పోలీసు, రైల్వే, భద్రతా బలగాల్లో స్పోర్ట్స్ కోటా కూడా ఉంది. ప్రతి పిల్లా అక్కడిదాకా పోతుందని నేను మాట ఇవ్వను. పోగలిగే పిల్ల ఎవరో తెలియాలంటే ముందు అందరినీ ఆడనివ్వాలి కదా.

మిడ్‌ఫీల్డర్ గురించి ఒక మాట చెప్పాలి, నా విన్నపానికి అసలు కారణం అక్కడే ఉంది. మ్యాచ్ చూసేటప్పుడు మనం బంతి వెంటే కళ్ళు తిప్పుతాం. ఈసారి నడిమధ్యన ఆడే పిల్లను మాత్రమే ఐదు నిమిషాలు చూడండి. బంతి ఇంకా దూరంగా ఉండగానే ఎడమ భుజం మీదుగా ఒకసారి, కుడి భుజం మీదుగా ఒకసారి వెనక్కి చూస్తుంది. వెనుక ఎవరు వస్తున్నారు, ముందు ఎవరు ఖాళీగా ఉన్నారు, అన్నీ బంతి కాలికి తగలకముందే లెక్క వేసుకుంటుంది. తగిలీ తగలగానే దాన్ని పంపేస్తుంది. పెద్ద స్థాయిలో తొంభై నిమిషాల మ్యాచ్‌లో పది కిలోమీటర్ల దాకా తిరుగుతుంది. ఆ స్థానంలో ఆడే పిల్ల ఏం చేయగలదో చూడండి: 2025 జులైలో చియాంగ్ మాయ్‌లో థాయ్‌లాండ్‌ను 2-1తో ఓడించి మన మహిళల జట్టు ఆసియా కప్‌కు అర్హత సాధించింది. క్వాలిఫయర్లు ఆడి గెలిచి ఆ కప్పుకు పోవడం మన ఆడపిల్లలకు అదే మొదటిసారి. ఆ రెండు గోల్సూ కొట్టింది సంగీతా బాస్‌ఫోర్, ఆమె కూడా మిడ్‌ఫీల్డరే.

ఈ చూపు, ఈ లెక్క పెద్దయ్యాక నేర్పితే అంత సులువుగా వచ్చేవి కావు. పదకొండు, పన్నెండేళ్ళ నుంచి పదహారు దాకా బంతితో తిరిగితే బాగా ఒంటికి పడతాయి. సరిగ్గా ఆ వయసులోనే మనం పిల్లను ఇంట్లో కూర్చోబెడుతున్నాం. ఆరో తరగతిలో మగపిల్లలను దాటేసి పరుగెత్తిన పిల్ల, తొమ్మిదికి వచ్చేసరికి చున్నీ సర్దుకుంటూ గోడ పక్కన నిలబడి ఉంటుంది. గ్రౌండంతా క్రికెట్ ఆడే మగపిల్లలదే. ఆ పిల్ల కాళ్ళలో బలం పోలేదు. మనమే వద్దన్నాం. నాకు కడుపు మండేది అక్కడే.

తల్లుల భయాలు నాకు తెలుసు. చీకటి పడితే ఎట్లా? ఊరి ఆడవాళ్ళు ఇద్దరు వంతుల వారీగా వచ్చి కూర్చుంటే చాలు, ఆరున్నరకల్లా ఇళ్ళకు చేర్చవచ్చు. కాలు విరిగితే? మోకాలి గాయాలు ఆడపిల్లలకు ఎక్కువన్నది నిజమే. అందుకే ఆటకు ముందు ఇరవై నిమిషాలు చేయించే ‘ఫిఫా 11+’ వ్యాయామాలు ఉన్నాయి. అవి గాయాలను బాగా తగ్గిస్తాయని పరిశోధనల్లో తేలింది. పీఈ మాస్టరు వారంలో నేర్చుకుని నేర్పగలరు. తిండికి మన ఇళ్ళల్లో రాగి సంగటి ఉంది, చెనిక్కాయలు ఉన్నాయి, రోజుకొక గుడ్డు కలిపితే సరిపోతుంది. నల్లబడితే పెండ్లి కాదంటారా? ఎండలో చెనిక్కాయలు పీకడానికి, టమోటాలు కోయడానికి అదే పిల్లను తోలుకుపోతున్నాం. అప్పుడు రాని ఈ భయం ఆటకు మాత్రం ఎందుకొస్తుంది?

అవకాశాలు కూడా మరీ దూరం లేవు. మన బాగేపల్లి నుంచి బెంగళూరు వంద కిలోమీటర్లు. అక్కడి కిక్‌స్టార్ట్ ఎఫ్‌సీ 2023లో విమెన్స్ లీగ్ ఫైనల్ దాకా పోయింది. ఇటు హైవే పట్టుకుని ఉత్తరానికి పోతే దాదాపు అంతే దూరంలో అనంతపురం, అక్కడ ఆర్‌డీటీ (రూరల్ డెవలప్‌మెంట్ ట్రస్ట్) వాళ్ళ స్పోర్ట్స్ విలేజ్‌లో పల్లెటూరి ఆడపిల్లలు ఏళ్ళ తరబడి ఫుట్‌బాల్ ఆడుతూ వచ్చారు. ఇంట్లో తెలుగు, బడిలో కన్నడ మాట్లాడే మన పిల్లలు ఎటు పోయినా కలిసిపోతారు.

బెంగళూరులో ఉన్న మన ఊళ్ళ తమ్ముళ్ళూ, చెల్లెళ్ళూ, మీరు జాతరకు చందా పంపినట్టే దీనికీ పంపండి. పది బంతులు, రెండు గోల్‌పోస్టులు, పాతిక జతల బూట్లు చాలు మొదలుపెట్టడానికి. డబ్బు ఎవరి చేతికీ ఇవ్వొద్దు, సామాను కొని స్కూలు రిజిస్టరులో రాయించండి. టీచర్లకు నాదొక విన్నపం: బట్టలు మార్చుకోవడానికి ఒక గది, తాళం వేసుకునే మరుగుదొడ్డి లేకుండా ఆడపిల్లలను ఆటకు పిలవకండి. అవి లేకనే చాలామంది మానేస్తారు. పంచాయతి సభ్యులు గ్రౌండులో రాళ్ళు ఏరించి చదును చేయించండి.

వచ్చే గ్రామసభలో ఈ విషయం చర్చకు పెట్టమని మీ వార్డు సభ్యుణ్ణి అడగండి. సభకు అమ్మలు కూడా రండి, మీ పిల్లలను వెంటబెట్టుకుని రండి. వాళ్ళు ఆడతామంటే ఆ రోజే తీర్మానం రాయించి, సంతకాలు పెట్టించి మరీ ఇంటికి పోదాం.