చాబీ ఇస్తే చాలు

నాన్న హెచ్‌ఎంటీ వాచీని మొన్న అమీర్‌పేటలో రోడ్డు పక్క రిపేరు బల్ల దగ్గరికి తీసుకెళ్లాను. కంటికి భూతద్దం తగిలించుకున్న పెద్దాయన మూత తీసి చూసి, ‘ఖరాబ్ ఏం కాలే సార్, చాబీ ఇయ్యక ఆగింది’ అన్నాడు. నిజమే. నాన్న పోయి రెండేళ్లయింది. రోజూ పొద్దున్నే కీ ఇచ్చే పని ఆయనదే.

ఆ బల్ల ముందు నిలబడితే 2016లో వచ్చిన ‘24’ సినిమా గుర్తొచ్చింది. ‘మనం’ తీసిన విక్రమ్ కుమార్ దర్శకుడు. సూర్యవి మూడు పాత్రలు. కాలాన్ని వెనక్కి తిప్పే వాచీని సేతురామన్ తయారుచేస్తే, దానికోసం కవల సోదరుడు ఆత్రేయ ప్రాణాలు తీయడానికైనా సిద్ధం. అది చివరికి చేరేది వాచీలు బాగుచేసే మణి చేతికి!

అమెరికన్ రచయిత ఫ్రిట్జ్ లైబర్ 1958లో వచ్చిన ‘ది బిగ్ టైమ్’ నవలలో ఈ గొడవను విశ్వమంత చేశాడు. సాలీళ్లు, పాములు అనే రెండు పక్షాలు చరిత్రనే మార్చేస్తూ కొట్టుకుంటాయి. తమను నడిపిస్తున్నదెవరో పాపం ఆ సైనికులకే తెలియదు.

నాకు మాత్రం అన్నదమ్ముల తగాదాయే నచ్చింది. పైగా ఆ వాచీకి మొదట ఇరవై నాలుగు గంటల హద్దు. నిన్న తిట్టినవాడికి ఇవాళ క్షమాపణ చెప్పుకోవచ్చు. రెండేళ్ల క్రితం పోయినవాళ్ల దగ్గరికి ఎలా వెళ్లడం?

పంజగుట్ట సిగ్నల్ దగ్గర బస్సు ఆగినప్పుడు టైము సరిచేశాను. నాన్న ఎప్పుడూ అయిదు నిమిషాలు ముందుకి పెట్టేవారు. నేనూ అలాగే పెట్టాను.