అరిహంత్‌కు ఉన్న ఓపిక హాస్టల్‌కు ఏది?



మన హాస్టళ్లలో రాత్రి స్టడీ అవర్ అయ్యాక మొదలయ్యే చర్చల్లో ఎంతకీ తెగనిది ఒకటుంది. అణు జలాంతర్గామికి వేలకోట్లు పోసే దేశం మెస్ బిల్లు దగ్గరికొచ్చేసరికి ఎందుకు వెనకాడుతుంది? ఒకరు దేశరక్షణ అంటారు, ఇంకొకరు ముందు అన్నం సంగతి చూడమంటారు. లైట్లు ఆర్పమని వార్డెన్ గారు కేకేసేదాకా సాగుతుంది. ఇంటికి మొదటి గ్రాడ్యుయేట్లమైన మాబోటి వాళ్లం ఈ రెండు పక్షాలకూ ఒక మాట చెప్పదలచుకున్నాం. దానికి ముందు అరిహంత్ కథ తెలియాలి.

అది తయారైంది మన విశాఖపట్నంలోనే. ఆలోచన 1970లలో పుట్టినా, ఏటీవీ అనే పొడి అక్షరాల పేరుతో పని ఊపందుకున్నది 1980లలో. 1988లో సోవియట్ యూనియన్ నుంచి ఒక అణు జలాంతర్గామిని మూడేళ్లకు అద్దెకు తెచ్చుకుని, చక్ర అని పేరుపెట్టి, మన నావికులు దానిమీద పని నేర్చుకున్నారు. అసలు కష్టం రియాక్టర్‌తో వచ్చింది. కరెంటు కోసం కట్టే అణు కేంద్రానికి ఎకరాలకొద్దీ స్థలం ఉంటుంది. ఇక్కడ దాన్ని సముద్రంలో ఊగే ఓడ కడుపులో, మనుషులు తిని పడుకునే చోటికి కాస్త దూరంలోనే ఇమడ్చాలి. అందుకే ముందు తమిళనాడులోని కల్పాక్కంలో నేలమీద ఒక నమూనా కట్టి నడిపి చూశారు. 2009 జూలై 26న ప్రధాని మన్మోహన్ సింగ్ గారి సతీమణి గురుశరణ్ కౌర్ గారు కొబ్బరికాయ కొట్టి అరిహంత్‌ను నీటిలోకి దింపారు. రియాక్టర్ పని మొదలుపెట్టింది 2013 ఆగస్టులో. నౌకాదళంలో చేరింది 2016లో, ఏ ఆర్భాటమూ లేకుండా.

ఎక్స్‌కర్షన్‌కు వెళ్లి ఆర్.కె. బీచ్‌లో కుర్సుర లోపల వంగి వంగి నడిచినవాళ్లు మనలో చాలామంది. అది డీజిల్ జలాంతర్గామి. నీటి అడుగున బ్యాటరీలతో నడుస్తుంది, వాటిని ఛార్జి చేసుకోవాలంటే గాలి కోసం పైకి రాక తప్పదు. వస్తే శత్రువు కంటపడే ప్రమాదం. అణు రియాక్టర్‌కు గాలితో పనిలేదు. లోపలివాళ్లకు తిండి ఎన్నాళ్లు సరిపోతే అన్నాళ్లు అడుగునే ఉండొచ్చు. (అక్కడా మెస్సే ముఖ్యమని గమనించ ప్రార్థన!)

అణ్వస్త్రాన్ని మొదట మనం వాడబోమని 2003లో మన ప్రభుత్వం ప్రకటించింది. అలా మాట ఇచ్చిన దేశం, ఎదుటివాడు మొదట కొట్టినా మిగిలివుండే ఆయుధం ఒకటి దాచుకోవాలి. ఎక్కడుందో తెలియకుండా తిరిగి, ఒక్క క్షిపణీ వదలకుండా ఇంటికి రావడమే అరిహంత్‌కు విజయం. మొదటి గస్తీ ముగిసిందని 2018 నవంబరులో ప్రకటించారు. 2022 అక్టోబరు 14న బంగాళాఖాతంలో పరీక్ష కోసం క్షిపణిని వదిలింది. 2024 ఆగస్టు 29న రెండోది, అరిఘాత్, విశాఖలోనే నౌకాదళంలో చేరింది.

ఇప్పుడు మా మాట. ఇందిరాగాంధీ, రాజీవ్, వి.పి.సింగ్, చంద్రశేఖర్, మన పి.వి., దేవెగౌడ, గుజ్రాల్, వాజ్‌పేయి, మన్మోహన్, మోదీ. ఇంతమంది ప్రధానులు మారారు, పార్టీలు మారాయి, సాయం చేస్తున్న సోవియట్ యూనియనే మాయమైంది. అయినా పని ఆగలేదు. ఏళ్లకేళ్లు ఆలస్యమైనా "ఇక మూసేద్దాం" అని ఎవరూ అనలేదు. మేము అడుగుతున్నది ఆ డబ్బును కాదు, ఆ పట్టుదలను. మన దగ్గర ప్రభుత్వం మారితే పథకం పేరు మారుతుంది, కొత్త పేరుకు ఉత్తర్వులు వచ్చేదాకా పాత బిల్లు ఆగుతుంది. అద్దె భవనం అద్దె భవనంగానే ఉంటుంది. జలాంతర్గామి పదేళ్లు ఆలస్యమైతే పదేళ్ల తర్వాతైనా నీళ్లలోకి దిగుతుంది. టెన్త్ కుర్రాడు మెస్ నడవని రెండు నెలలు ఇంటికి పోతే, వాళ్ల నాన్న వెంట కూలికి పోతాడు. తిరిగొచ్చేవాడు ఎందరిలో ఒకడు?

ఈ జలాంతర్గాముల కోసమే అనకాపల్లి జిల్లా రాంబిల్లి దగ్గర నౌకాస్థావరం కడుతున్నారు. అక్కడి మత్స్యకారులు పరిహారం కోసం ఎన్నోసార్లు రోడ్డెక్కారు. రియాక్టర్ లెక్కలు రహస్యంగా ఉంచాల్సిందే, ఒప్పుకుంటాం. ఎవరి ఇల్లు పోయింది, ఎవరికి ఎంత ముట్టింది అన్నది రహస్యం కానక్కరలేదు గదా!

ఇంకొక్కటి. ఇంత పనిలో శాస్త్రవేత్తల పేర్లే మనకు వినబడతాయి గాని, ఉక్కును అతికించింది వెల్డర్లు, గొట్టాలు బిగించింది ఫిట్టర్లు. సముద్రం అడుగున అతుకు విడిపోతే లోపలివాళ్ల గతి ఏమిటో వేరే చెప్పాలా? ఐటీఐలో చేరతానన్న తమ్ముణ్ణి మనవాళ్లే చిన్నచూపు చూడటం మాకు నచ్చడం లేదు. విశాఖ డాక్‌యార్డులో, షిప్‌యార్డులో పనిచేస్తున్న మన పూర్వ విద్యార్థులు ఎవరైనా ఉంటే, వచ్చే వార్షికోత్సవానికి ఒక పూట సెలవు పెట్టి వచ్చి, చెప్పదగినంత వరకే, ఆ పని ఎలా ఉంటుందో మన టెన్త్, ఇంటర్ పిల్లలకు చెప్పవలసిందిగా కోరుతున్నాం.