కెమెరాకు కూడా లైసెన్సు అడుగుతారా?

2020 నవంబరులో ఢిల్లీ సరిహద్దులకు చేరిన రైతుల గురించి పెద్ద టీవీ చానళ్లు ఏం కూశాయో మనం మర్చిపోలేదు. ఖలిస్తానీలన్నాయి, దళారుల మనుషులన్నాయి. పిజ్జాలు తింటున్నారని వెక్కిరించాయి. సింఘు, టిక్రీ, ఘాజీపూర్‌లలో ఎముకలు కొరికే చలిలో ట్రాలీల్లో పడుకున్నవాళ్ల గోడు మన ఊళ్ల దాకా వచ్చిందంటే, అది సొంత ఖర్చుతో కెమెరా పట్టుకుని తిరిగిన కొద్దిమంది పుణ్యమే.

అలాంటివారిలో నకుల్ సింగ్ సాహ్నీ ఒకరు. 2013 మతకల్లోలాల మీద ఆయన తీసిన డాక్యుమెంటరీ 'ముజఫర్‌నగర్ బాకీ హై' 2015లో వచ్చింది. (మనకు బాకీ అంటే అప్పు, అక్కడ 'ఇంకా మిగిలే ఉంది' అని అర్థం. రెండూ సరిపోతాయి.) అది చెరకు రైతుల జిల్లా. మహేంద్రసింగ్ టికాయత్ కాలంలో హిందువులూ ముస్లింలూ ఒకే రైతు జెండా పట్టిన నేల. ఆ ఐక్యతను ఎవరు పగలగొట్టారు, ఎవరు బాగుపడ్డారు అన్నదే ఆ సినిమా వేసే ప్రశ్న. ఆ ప్రశ్న కొందరికి గిట్టలేదు. 2015 ఆగస్టు 1న ఢిల్లీ కిరోరీమల్ కాలేజీలో ప్రదర్శనను ఏబీవీపీ వాళ్లు అడ్డుకున్నారు. దాన్ని ఖండిస్తూ హైదరాబాద్ సెంట్రల్ యూనివర్సిటీలో అంబేడ్కర్ విద్యార్థి సంఘం నిరసన తెలిపింది. రోహిత్ వేముల సస్పెన్షన్ దాకా వెళ్లిన గొడవ అక్కడే మొదలైంది. ఒక్క సినిమాకు ఎంత దూరం భయపడ్డారో చూడండి.

తర్వాత ఆయన చల్‌చిత్ర అభియాన్ పేరుతో పశ్చిమ ఉత్తరప్రదేశ్ పల్లెల యువతకే కెమెరా నేర్పారు. ఎప్పటి సంగతులు అప్పుడు చిన్న చిత్రాలుగా తీస్తారు, ఊళ్లోనే వేసి చూపిస్తారు. 2021 సెప్టెంబరు 5న అదే ముజఫర్‌నగర్‌లో లక్షలాది రైతులు చేరి, 'అల్లాహు అక్బర్, హర హర మహాదేవ్' అని కలిసి నినదించారు. పగిలినదాన్ని అతికించే పనిలో ఈ చిన్న చిత్రాల చెయ్యి కూడా ఉందని మేము గట్టిగా నమ్ముతున్నాం.

ఇప్పుడు వీళ్ల మీదే కన్ను పడింది. 2023 నవంబరులో కేంద్రం తెచ్చిన ప్రసార సేవల బిల్లు ముసాయిదా, ఇంటర్నెట్‌లో వర్తమాన విషయాలు చూపించే వ్యక్తులను కూడా ప్రభుత్వ ప్రోగ్రామ్ కోడ్ కిందికి లాగింది. విమర్శలు పెరిగాక 2024 ఆగస్టులో వెనక్కి తగ్గి, మరో ముసాయిదా తెస్తామన్నారు. నల్ల చట్టాలను చూసిన మనకు 'మళ్లీ తెస్తాం' అంటే ఏమిటో ఎవరూ విడమర్చి చెప్పనక్కర్లేదు. కోట్లున్న చానల్‌కు లాయర్లుంటారు. సొంత జేబుతో పది నిమిషాల చిత్రం తీసేవాడికి ఒక్క నోటీసు చాలు, కెమెరా అమ్ముకోవడానికి.

కాబట్టి రాబోయే మండల మహాసభలన్నిటిలో ఈ బిల్లుకు వ్యతిరేకంగా తీర్మానం పెట్టాలి. దానితోపాటు సభ్యత్వ రుసుంలో కొంత ఇలాంటి చిత్రాల కోసం పక్కన పెట్టాలి. ఉచితంగా వచ్చింది కదా అని వాట్సాప్‌లో పంపుకుని ఊరుకుంటే తీసేవాడి ఇల్లు గడవదు. రచ్చబండ దగ్గర తెల్ల దుప్పటి కట్టి ప్రొజెక్టర్ పెట్టండి. అద్దె జిల్లా కమిటీ భరిస్తుంది.