అంతర్వేది ఎవరిది? స్థలపురాణంలో లేని మనుషులు

అంతర్వేది చరిత్ర చెప్పమంటే ఎవరైనా ఒకటే కథ ఎత్తుకుంటారు. బ్రహ్మ యాగం చేసిన వేదిక కాబట్టి అంతర్వేది అట. వశిష్ఠుడు తపస్సు చేసుకుంటుంటే హిరణ్యాక్షుడి కొడుకు రక్తవిలోచనుడు అడ్డొచ్చాడట, నరసింహుడు చంపాడట. అంతే, ఊరి చరిత్ర అయిపోయింది! ఇందులో వల విసిరేవాడు లేడు. కొబ్బరి చెట్టెక్కి కాయ దింపేవాడు లేడు. పేట లేదు, పల్లిపాలెం లేదు.

మిత్రులారా, ముందు నేల సంగతి చూద్దాం. గౌతమికీ వశిష్ఠకీ మధ్యనున్న ఈ కోనసీమ మట్టి సుమారు 6 వేల ఏళ్ళలో గోదావరి మోసుకొచ్చి పోసిన ఒండ్రు. వశిష్ఠ సముద్రంలో కలిసే మూల అంతర్వేది, అంటే చివరాఖరికి తేలిన ఇసుక. కృతయుగం నాటి కథకి ఇక్కడ కాలు పెట్టడానికి నేలే లేదు, ఆయ్! ఈ ఇసుకని ఊరు చేసింది తుఫానులకి ఎదురు నిలబడి గుడిసె వేసుకున్నవాళ్ళు.

పోనీ, ఆ కథనే మన కళ్ళతో చదువుదాం. రక్తవిలోచనుడి రక్తం ఎన్ని ఇసుక రేణువుల మీద పడితే అంతమంది రక్తవిలోచనులు పుడతారని వరం. అంటే నరసింహుడు ఎన్నిసార్లు చక్రం వేసినా పని జరగదు. ఆ రక్తం నేల మీద పడకుండా ఆపినామె ఒకామె ఉంది. పండితులు అశ్వరూఢాంబిక అంటారు, మనవాళ్ళు గుర్రాలక్క అంటారు. అసలు కష్టం అక్కది. కల్యాణం, రథం, రాజగోపురం మాత్రం స్వామివి. ఈ లెక్క మనకి కొత్తా? పొలంలో చూడటం లేదా? ఇక చచ్చిన అసురులెవరో 1873లోనే 'గులాంగిరి'లో ఫూలే అడిగేశాడు. అవతారాల కథల్లో ఓడిపోయినవాళ్ళు ఈ నేల సొంతదారులన్నాడాయన. ఆ పుస్తకం చదివాక ఒకసారి అంతర్వేది వెళ్ళి రండి, గోడల మీద బొమ్మలు వేరేగా కనిపిస్తాయి.

ఇప్పుడున్న గుడి కట్టించింది ఏ రాజో అనుకుంటారేమో. బెండమూర్లంకకి చెందిన కొపనాతి కృష్ణమ్మ కట్టించాడు, 1823లో. అగ్నికుల క్షత్రియుడు, అంటే సముద్రాన్ని నమ్ముకున్న కులం మనిషి. గుడి కట్టడానికి పనికొచ్చిన చెయ్యి గర్భగుడిలో హారతి పట్టడానికి ఎందుకు పనికిరాలేదు? రెండు వందల ఏళ్ళయింది, ఈ ప్రశ్న ఎవరూ అడగరు.

2020 సెప్టెంబరులో ఒక రాత్రి స్వామి రథం కాలిపోయింది. ఘోరమే, కాదనను. అది చేసినవాడు దొరకాల్సిందే. రాష్ట్రమంతా కదిలింది. నాయకులు వరసకట్టారు. ఊళ్ళో చర్చి మీద రాళ్ళు కూడా పడ్డాయి, విచారణ మొదలవకుండానే దోషులెవరో కొందరికి తెలిసిపోయినట్టు! ప్రభుత్వం సీబీఐ దర్యాప్తు కోరింది. 2021 ఫిబ్రవరి 19న, రథసప్తమి నాడు, కొత్త రథాన్ని ముఖ్యమంత్రే వచ్చి ప్రారంభించాడు. ఆరు నెలలు కూడా పట్టలేదు.

ఆ తర్వాత 2022 మే 24 చూడండి. కొత్త జిల్లాకి అంబేద్కర్ పేరు పెడతామన్నందుకు అమలాపురంలో ఇళ్ళు తగలబెట్టారు. ఒకటి దళిత మంత్రి పినిపే విశ్వరూప్‌ది. రెండోది ముమ్మిడివరం ఎమ్మెల్యే పొన్నాడ సతీష్‌ది, గుడి కట్టించిన కృష్ణమ్మ కులస్థుడిది. కొయ్య రథం కాలితే గుండెలు బాదుకున్నవాళ్ళలో మనుషులుండే ఇళ్ళు కాలినప్పుడు ఎంతమంది రోడ్డెక్కారు? లోక్‌సభ సీటు ఎస్సీ రిజర్వుడు. అసెంబ్లీకి అమలాపురం, రాజోలు, పి.గన్నవరం మూడూ ఎస్సీ రిజర్వుడే. మన ఓటు ఉండొచ్చు, మన మనిషి గెలవొచ్చు, బోర్డు మీద మన బాబాసాహెబ్ పేరు మాత్రం ఉండకూడదు!

పల్లిపాలెం తమ్ముళ్ళకి ఒక మాట. పేరు చివర క్షత్రియ అని రాసుకున్నంత మాత్రాన వాళ్ళు మిమ్మల్ని పక్కన కూర్చోబెట్టుకోలేదు, ఎమ్మెల్యే ఇల్లే దానికి సాక్ష్యం. ఎగువన ఆనకట్టలు ఒండ్రుని ఆపేస్తుంటే సముద్రం తీరాన్ని కోస్తోంది. అది ముందు తాకేది మీ గడపనీ మా పేటనీ. దాని గురించి మనిద్దరం ఒక్క ధర్నా అయినా కలిసి చేశామా?

విద్యార్థి మిత్రులు వచ్చే భీష్మ ఏకాదశి తీర్థానికి నోటుబుక్కు పట్టుకెళ్ళండి. రథం మీద ఎవరు కూర్చున్నారో, మోకు ఎవరు లాగుతున్నారో, తెల్లారి ఆ ఇసుక ఎవరు ఊడుస్తున్నారో రాసుకోండి. పేటలో ముసలమ్మలని, పాలెంలో తాతలని కూర్చోబెట్టి అడగండి. అవి నాకు పంపితే ఇక్కడే పెడతాను. వచ్చే భాగంలో 1944లో గోదావరి జిల్లాలకి బాబాసాహెబ్ రావడం గురించి.

జై భీమ్.